కథల కొండలు, మేము ఎక్కిన కొండలు

కొండ మీది ప్రేమకథ అనగానే నాకు ఇప్పటికీ ముందుగా గుర్తుకు వచ్చేది మనుచరిత్రమే. పాదలేపం పూసుకొని హిమాలయానికి వెళ్ళిన ప్రవరుడు, మంచుకు ఆ పసరు కరిగిపోయిందని ఆలస్యంగా గ్రహించి, ఇల్లు చేరే ఉపాయం తోచక తిరుగుతూ, వరూధినిని చూసి అడిగినది దారే. పెద్దన ఆ ఘట్టాన్ని నడిపిన తీరును గురించి పండితులు చెప్పినవన్నీ అలా ఉంచి, కథకు ఆయన చేసిన ఏర్పాటును చూడండి. తిరుగు దారి మూసుకుపోయింది. ప్రవరుడు అనుకున్న వేళకు ఇల్లు చేరి ఉంటే ఆ కథలో సాహసమూ లేదు, వలపూ లేదు.

బెంగళూరు మారతహళ్లిలో మేముండే అపార్ట్‌మెంటులోని తెలుగువాళ్ళం కొందరం నెలకొక ఆదివారం కలుసుకొని కథలు చదువుకుంటాము. గత ఏడాదంతా కొండల నేపథ్యంలో వచ్చిన ప్రేమకథలు, సాహసగాథలే చదివాము. చాలా కథలలో కొండ ఒక రంగుల తెరగా మాత్రమే ఉండడం, నాయిక ఆయాసపడకుండా శిఖరం చేరడం, సూర్యాస్తమయం పుటలకొద్దీ సాగడం మాకు వెలితిగా తోచింది. "ఇవి కొండ మీద రెండు గంటలు ఉండి కారెక్కి వచ్చేసినవాళ్ళు రాసిన కథలమ్మా" అని మా పక్కింటి వదినగారు ఒకనాడు అన్నారు. ఆ మాటే మమ్మల్ని కదిలించింది. నేను, మావారు, వదినగారు, అన్నయ్యగారు కలిసి, నగరానికి అందుబాటులో ఉన్న కొండలను ఈ దృష్టితోనే చూడాలని బయలుదేరాము. ఎక్కడ రాత్రి ఉండవచ్చు, ఎక్కడ చీకటి పడేలోగా దిగిపోవాలి, ఎక్కడ మనిషికి మనిషి తోడు అవసరమవుతుంది అన్నవే మా కొలతలు.

మొదట రామనగర వెళ్ళాము. మైసూరు దారిలో యాభై కిలోమీటర్ల ప్రయాణం. 1975లో వచ్చిన షోలే చిత్రాన్ని ఇక్కడి రాళ్ళ మధ్యనే తీశారు కనుక మా తరం వారికి ఈ గుట్టలు చూడకముందే పరిచయం. రామదేవర బెట్ట మెట్లెక్కితే గుడి, దాని వెనుక నిటారుగా లేచిన నల్లరాతి బండలు కనిపిస్తాయి. పొడవు ముక్కు రాబందులు గూళ్ళు కట్టుకునే చోటు కావడంతో 2012లో దీనిని రాబందుల అభయారణ్యంగా ప్రకటించారు. సాహసకథకు ఇంతకంటే మంచి ముఖద్వారం బెంగళూరు చుట్టుపక్కల లేదు. అయితే పదిన్నరకే బండలు సెగలు కక్కడం మొదలుపెట్టాయి, పైన నిలువ నీడ తక్కువ, రాత్రి ఉండే వీలు లేదు. ఉదయం ఆరున్నరకు చేరి, తొమ్మిదిన్నరకు దిగి, దారిలో తట్టె ఇడ్లీ తిని ఇల్లు చేరే ప్రయాణంగా అయితే నేను ఎవరికైనా చెబుతాను.

స్కందగిరిది మరొక పద్ధతి. చిక్కబళ్ళాపురం దాటిన తరువాత పాపాగ్ని మఠం దగ్గర నడక మొదలవుతుంది. ముందుగా ఆన్‌లైన్‌లో అనుమతి తీసుకొని, స్థానిక గైడ్ వెంట రాగా, తెల్లవారకముందే ఎక్కాలి. మాకు తోడు వచ్చిన కుర్రవాడు కన్నడ యాస కలిసిన చక్కని తెలుగు మాట్లాడాడు. ఆ తాలూకాలలో తెలుగు ఇంటి భాషగా ఉన్న కుటుంబాలు ఎన్నో. "అమ్మా, టార్చి కాళ్ళ ముందర కొట్టండి, ముందున్న మనిషి వీపు మీద కాదు" అని అతడు ఇచ్చిన సలహా నేను చదివిన పది సాహసకథలలో ఎక్కడా లేదు. చీకటిలో ఎక్కేటప్పుడు శిఖరం కనబడదు, కనబడేదల్లా తరువాతి అడుగే. సగం దారిలో, జారుడు బండ దగ్గర, ముప్పై ఏళ్ళుగా ఎవరి చేయీ అందుకోని వదినగారు అన్నయ్యగారి చేయి పట్టుకున్నారు, బండ దాటిన తరువాత కూడా విడవలేదు. కోట శిథిలాల మధ్యకు చేరేసరికి మబ్బులు మా కాళ్ళ కింద పరుచుకొని ఉన్నాయి. రాత్రి చల్లబడిన నేల మీద లోయలలో పొగమంచు పట్టి, ఎండ తగిలేవరకు అలాగే నిలుస్తుంది కనుక, శిఖరం మీద ఉన్నవారికి అది సముద్రంలా కనిపిస్తుంది. ఎండ ఎక్కిన కొద్దిసేపటికే అది చెదిరిపోయింది. మోకాళ్ళు బాగుండి, నలుగురికి మించని జట్టుగా వెళ్ళేవారికి స్కందగిరి మంచిది. వారాంతంలో మాత్రం ముందు నడిచే గుంపుల స్పీకర్ల పాటలు ఆ చీకటిని పాడు చేస్తాయి, కాబట్టి పని దినాలలో వెళ్ళగలిగితే వెళ్ళండి.

నందికొండ, అంటే నంది హిల్స్ గురించి కొంచెం వివరంగా చెప్పాలి, ఎందుకంటే అక్కడికి మేము రెండుసార్లు వెళ్ళాము, రెండుసార్లూ వేర్వేరు కొండలను చూసినట్లయింది.

మొదటిసారి కొండ కింద ఒక హోమ్‌స్టేలో దిగాము. కిటికీ తెరిస్తే కొండ అని ప్రకటనలో రాశారు. కిటికీ తెరిస్తే పక్క స్థలంలో కడుతున్న గోడ. వేడినీళ్ళు ఉదయం ఆరు తరువాతే వస్తాయని రాత్రి పదింటికి చెప్పారు. సూర్యోదయం చూడాలంటే నాలుగున్నరకు బయలుదేరాలి కదా అంటే, అది మా బాధ్యత కాదన్నారు. భోజనం మటుకు బాగుంది, ముఖ్యంగా రాగిముద్ద, ఆకుకూరల చారు అయిన సొప్పు సారు. అయినా రెండు గదులకు తొమ్మిది వేలు చెల్లించినవారికి కనీసం కొండ కనబడాలి. తెల్లవారుజామున ఘాట్ రోడ్డు మీద కార్ల వరుసలో గంటకు పైగా నిలబడి, మేము పైకి చేరేసరికి సూర్యుడు అందరికీ కనబడి, జనం దిగిపోతున్నారు.

రెండవసారి కొండ మీదనే గది తీసుకున్నాము. పైన ఉన్న వసతులు కొద్ది, కాబట్టి నెల ముందే చూసుకోవాలి. గది పాతది, తలుపు గడియ బిగుసుకుపోయి ఉంది, అదనపు రగ్గులు అడిగితే గాని ఇవ్వలేదు. ఇవన్నీ నిజమే. కానీ సాయంత్రం పగటి సందర్శకులందరూ దిగిపోయి, కింద గేటు మూసిన తరువాత ఆ కొండ మీద మిగిలిన నిశ్శబ్దం విలువ ఏ సౌకర్యంతోనూ తూగదు. కోతులు కూడా చెట్లలోకి సర్దుకున్నాయి. కిందికి పోవాలన్నా పోలేము అన్న ఎరుక కలిగిన క్షణం నుంచి మా నలుగురి మాటల తీరు మారిపోయింది. ఫోన్లు పక్కన పడ్డాయి. మావారు తన చిన్ననాటి సంగతి ఒకటి చెప్పారు, పెళ్ళయి ఇరవై రెండేళ్ళయినా నేను ఎన్నడూ విననిది.

రాసేవారికి పనికివచ్చే రెండు విషయాలు అక్కడ గమనించాను. మన అక్షాంశాలలో సూర్యుడు దాదాపు నిటారుగా దిగుతాడు కనుక సంధ్య చాలాసేపు నిలవదు, అరగంట గడవకముందే దారి కనిపించనంత చీకటి పడుతుంది. పుటలకొద్దీ సాగే సూర్యాస్తమయాలు మన కొండల మీద జరగవు. రెండవది చలి. నందికొండ ఎత్తు 1478 మీటర్లు, బెంగళూరే 900 మీటర్లకు పైగా ఉంటుంది. వెయ్యి మీటర్లు ఎక్కితే ఉష్ణోగ్రత సుమారు 6.5 డిగ్రీలు తగ్గుతుందన్న లెక్కన చూసినా, నగరానికీ కొండకీ తేడా మూడు నాలుగు డిగ్రీలే. వణికించేది ఎత్తు కాదు, గాలి. టిప్పు డ్రాప్ అనే కొండ అంచు దగ్గర నిలబడితే ఆ గాలి మాటను నోట్లోంచే లాక్కుపోతుంది. ఖైదీలను అక్కడి నుంచి తోసేవారని చెప్పుకుంటారు. ప్రేమికులు అంచున నిలబడి మెల్లగా గుసగుసలాడే సన్నివేశం ఎవరైనా రాయబోతే, దయచేసి ఒకసారి అక్కడ నిలబడి చూడండి. చెవి దగ్గర నోరు పెట్టి అరవాలి, అందుకోసమైనా దగ్గరకు జరగాలి. కథకు అదే మేలు.

ఆ రాత్రి వెన్నెల ఉంది. మూడవ మైసూరు యుద్ధంలో, 1791 అక్టోబరులో, మూడు వారాల ముట్టడి తరువాత ఆంగ్లేయుల కార్న్‌వాలిస్ సేన టిప్పు సుల్తాను చేతిలోని ఈ దుర్గాన్ని పట్టుకున్నది రాత్రి వెన్నెల వెలుగులోనే. కోటగోడ పక్కన నడుస్తూ అన్నయ్యగారు ఆ సంగతి చెప్పారు. ఎక్కేవాడికి దారి చూపిన వెన్నెలే పైనున్నవాడికి ఎక్కేవాడినీ చూపుతుంది కదా అని వదినగారు అన్నప్పుడు, ఇద్దరి మధ్యా ఒక కథ అక్కడే మొలకెత్తిందని నాకు అనిపించింది. ఆ కథను ఆవిడ రాయడం మొదలుపెట్టారు కూడా.

ఉదయం దిగుతూ కింద నంది గ్రామంలోని భోగనందీశ్వరాలయానికి వెళ్ళాము. దీనిని మాత్రం వదిలి రావద్దు. అరుణాచలేశ్వరుడుగా శివుని బాల్యం, భోగనందీశ్వరుడుగా యౌవనం, కొండ మీద యోగనందీశ్వరుడుగా వైరాగ్యం అని ఇక్కడి స్థల సంప్రదాయం. కింది గుడి మూలం 9వ శతాబ్దం నాటిది. ఉమామహేశ్వర సన్నిధి ముందున్న కల్యాణ మండపం స్తంభాల మీద శివపార్వతుల పెళ్ళిని చెక్కారు, కొత్త దంపతులు వచ్చి అక్కడ ఆశీస్సులు కోరుకుంటారు. ప్రేమను కొండ పాదం దగ్గర, విరక్తిని కొండ కొన మీద నిలిపిన ఆ పూర్వులకు కొండ ఎక్కడమంటే ఏమిటో తెలుసు. నేను నెల్లూరు మనిషిని. మా ఊరి పెన్న ఈ నంది శ్రేణిలోని చెన్నకేశవ కొండలోనే పుట్టిందని పుస్తకంలో చదివిన మాట, మెట్ల కోనేరు దగ్గర కూర్చొని ఆ కొండల వైపు చూసినప్పుడు ఒళ్ళు పులకరింపజేసింది.

చివరిది హార్సిలీ హిల్స్. హొసకోట, చింతామణి, మదనపల్లె మీదుగా దాదాపు 150 కిలోమీటర్లు. కడప కలెక్టరుగా పనిచేసిన హార్సిలీ అనే ఆంగ్లేయుడు 19వ శతాబ్దంలో ఇక్కడ ఇల్లు కట్టుకొన్నందువల్ల ఆ పేరు వచ్చింది. అంతకు మునుపటి పేరు ఏనుగు మల్లమ్మ కొండ. అడవిలో మల్లమ్మ అనే ఆమెను ఏనుగులు సాకాయని, కొండ మీది వారి రోగాలను ఆమె నయం చేసేదని, ఒకనాడు కనబడకుండా పోయిందని కథ. పటంలో ఉన్న పేరు కన్నా ఈ పేరే నాకు నచ్చింది. ఏనుగుల మధ్య పెరిగి, మనుషుల జబ్బులు నయం చేసి, జాడ చెప్పకుండా వెళ్ళిపోయిన ఆ స్త్రీ గురించి ఎవరైనా పెద్ద నవల రాయాలని నా కోరిక.

ఈ కొండకున్న గొప్ప వరం, పైన నిద్రచేసే వసతులు నందికొండ కన్నా ఎక్కువ దొరకడం. మేము దిగిన గదికి ముందు నీలగిరి చెట్లు, వెనుక లోయ. గదులు శుభ్రంగా ఉన్నాయి, వేడినీళ్ళు అడిగిన వేళకు వచ్చాయి, రాత్రి భోజనానికి మాత్రం ఏడింటికే చెప్పి ఉంచాలి, లేకపోతే పెరుగన్నమే గతి. సాయంత్రం గాలిబండ మీద కూర్చున్నాము. పేరుకు తగ్గ చోటు. వదినగారి కొంగును పట్టుకోవడమే అన్నయ్యగారికి పనయింది. రాత్రి ఎనిమిదికి కరెంటు పోయింది, వర్షం పట్టింది, ఘాట్ రోడ్డు మీద ఒక చెట్టు పడిందని వార్త వచ్చింది. మావారికి మర్నాడు ఉదయం తొమ్మిదికి ఆఫీసు సమావేశం. ఫోనులో సిగ్నల్ కూడా లేదు. మొదట ఒక గంట ఆయన వరండాలో అటూ ఇటూ తిరిగారు. తరువాత వచ్చి మా పక్కన కూర్చొని, వసతివారు ఇచ్చిన కొవ్వొత్తి వెలుగులో, మేము తెచ్చుకున్న కథను ఆయనే గట్టిగా చదివారు. ఏడాదిగా మా ఆదివారాలలో ఎన్నడూ నోరు విప్పి చదవని మనిషి.

తెల్లవారాక పనివాళ్ళు చెట్టును కోసి తొలగించేసరికి పదకొండయింది. చిన్నపిల్లలు, పెద్దవయసు వారు వెంట ఉన్నవారు వానాకాలంలో టార్చి, మందులు, మర్నాటి తిండి దగ్గర ఉంచుకొనే ఈ కొండ ఎక్కాలి. మర్నాడు తప్పించుకోలేని పని ఉన్నవారు ఎక్కకుండా ఉండడమే మంచిది. బెంగళూరు నుంచి ఒక్క రాత్రికే వీలున్నవారికి మాత్రం నేను నాలుగింటిలోనూ దీనినే చెబుతాను, నందికొండ పైగది దొరికితే రెండవ స్థానం దానిది. దిగేటప్పుడు మదనపల్లె టమోటా మార్కెట్టు దగ్గర కారు ఆపి టీ తాగుతుండగా సిగ్నల్ వచ్చింది. మావారి ఫోనులో పద్నాలుగు సందేశాలు. ఆయన ఫోనును జేబులో పెట్టుకొని, రాత్రి ఆపిన చోట ఆ కథలో తరువాత ఏమవుతుందో వదినగారిని అడిగారు.