పట్టుబడ్డ ట్రాక్టర్: జరిమానా కట్టి తెచ్చుకోవడం మేలా, కోర్టుకెక్కడం మేలా?

మహారాష్ట్ర గడ్చిరోలి జిల్లా సిరోంచ వైపు పర్మిట్ లేదని మట్టి ట్రాక్టర్ పట్టుబడిందంటే చాలు, సలహాలకు కొదవుండదు. "పైసలు కట్టి తెచ్చుకో" అని ఒకరు, "కోర్టులో వేస్తే ఊరికే వస్తది" అని ఇంకొకరు. కేరళ తీర్పులు ఫోన్లో చూపించేవాళ్లూ ఉన్నారు. అక్కడ వరిపొలాల రక్షణకు 2008లో ప్రత్యేక చట్టం తెచ్చారు, పొలం పూడ్చే బండిని జప్తు చేసే అధికారం కలెక్టర్‌కిచ్చారు. ఆ తీర్పులు పట్టుకుని గడ్చిరోలిలో వాదిస్తే ఎవరూ వినరు.

ముందు పంచనామా కాపీ అడిగి తీసుకోండి. తలాఠీ (ఊరి రెవెన్యూ ఉద్యోగి) రాసి బండిని తహసీల్ ఆవరణలో పెట్టిస్తే అది రెవెన్యూ కేసు. పోలీసులు ఎఫ్‌ఐఆర్ కట్టి స్టేషన్‌కు తోలుకుపోతే దారి వేరు.

రెవెన్యూ కేసయితే మహారాష్ట్ర భూ రెవెన్యూ కోడ్, 1966లోని 48వ సెక్షన్ నడుస్తుంది. మట్టికి మార్కెట్ విలువ మీద ఐదు రెట్ల దాకా జరిమానా, బండికి వేరే. ట్రాక్టర్‌కు ఆ వేరేదే లక్ష రూపాయలు. దానికి తోడు మళ్లీ ఈ పని చేయనని బాండు. మట్టి జరిమానా పెరిగేది బ్రాసుల లెక్కతో. బ్రాసు అంటే 100 ఘనపుటడుగులు. ట్రాలీ లోపల పది అడుగుల పొడవు, ఆరు వెడల్పు, ఒకటిన్నర లోతు ఉంటే పట్టేది 90, అంటే బ్రాసు కూడా కాదు. పంచనామాలో రెండు బ్రాసులని రాసి ఉంటే సంతకం పెట్టకముందే టేపు పట్టి కొలవమనండి. ఇంకో సంగతి: పట్టిన బండిని 48 గంటల్లో కలెక్టర్ ముందో, ఆయన అధికారమిచ్చిన డిప్యూటీ కలెక్టర్ ముందో పెట్టాలి, విడిచిపెట్టేది వాళ్లే. నోటిమాటగా "లక్ష తెచ్చెయ్" అంటే రాతపూర్వక ఉత్తర్వు అడగండి.

పోలీసు కేసయితే నేను రెండో ఆలోచన లేకుండా మేజిస్ట్రేట్ దగ్గరికే పొమ్మంటాను. బండ్లను స్టేషన్లలో ఏళ్ల తరబడి తుప్పు పట్టించొద్దని, ఫోటోలు తీసి, పంచనామా రాసి, బాండు మీద అప్పగించమని సుప్రీంకోర్టు 2002లోనే సుందర్‌భాయ్ కేసులో చెప్పింది. ఇలా బండి అప్పగించే పాత సీఆర్‌పీసీ (క్రిమినల్ ప్రొసీజర్ కోడ్) 451 సెక్షన్ స్థానంలో 2024 జూలై నుంచి కొత్త కోడ్ బీఎన్‌ఎస్‌ఎస్‌లోని 497 వచ్చింది. ఖర్చు వకీలు ఫీజు, జమానతు (పూచీకత్తు). కాకపోతే కేసు తేలేదాకా బండి అమ్ముకోలేరు, పిలిచినప్పుడు చూపించాలి.

మరి రెవెన్యూ కేసులో కట్టడమా, కొట్లాడటమా? అది మట్టి ఎటు పోతోందన్న దాన్ని బట్టి. పర్మిట్ లేకుండా ప్రాణహిత ఇసుకో, ఇటుక బట్టీకి మట్టో అయితే వాదనకు బలం లేదు, కట్టేయండి. ట్రాక్టర్ నెల రోజులు నిలబడితే కిస్తీ ఆగదు, దుక్కి మాత్రం ఆగుతుంది. సొంత చేను చదును చేసి ఆ మట్టితోనే అక్కడే గట్టు వేసుకుంటుంటే మాత్రం నేనైతే తలవంచను. మామూలు మట్టిని గౌణ ఖనిజంగా (మైనర్ మినరల్‌గా) చేర్చిన 2000 నాటి కేంద్ర నోటిఫికేషన్‌పై పుణె బిల్డర్ల కేసులో 2014లో సుప్రీంకోర్టు తీర్పిచ్చింది: మట్టి ఖనిజమా కాదా అన్నది దాన్ని దేనికి వాడారన్నదాని మీద ఉంటుంది. ఆ తీర్పు పెట్టి జవాబివ్వండి. తహసీల్దార్ ఉత్తర్వు మీద అప్పీలుకు 60 రోజులు గడువు. బొంబాయి హైకోర్టు నాగపూర్ బెంచిలో రిట్ వేయడం ఆఖరి దారి. ఉత్తర్వే ఇవ్వకుండా బండిని ఉంచుకుంటే తప్ప ఒక్క ట్రాక్టర్ కోసం అంత దూరం దండగ.

ఏ దారైనా దరఖాస్తు ఆర్‌సీలో పేరున్న మనిషే పెట్టాలి. గోదావరి అవతల మహదేవ్‌పూర్ వైపు సెకండ్ హ్యాండ్‌లో కొని పేరు మార్చుకోనివాళ్లు ఇక్కడ చాలామందే. అలాంటివాళ్లు వకీలు కంటే ముందు పాత ఓనర్‌ను వెతుక్కోవాలి.