లాక్: సాక్రమెంటో ఏటిగట్టు కింద ఒక చిన్న ఊరు

నాన్న అమలాపురం నుంచి మా దగ్గరికి కాలిఫోర్నియా వచ్చి నెల దాటింది. శాన్‌ఫ్రాన్సిస్కో చూపించాం, తాహో సరస్సు చూపించాం. "బాగుందిరా" అన్నారు కానీ మనిషి హుషారుగా లేరు. ఆ హుషారు లాక్‌కి వెళ్లిన రోజు చూశాను.

సాక్రమెంటో నుంచి దక్షిణంగా సుమారు 30 మైళ్లు. ఐ-5 హైవే మీద త్వరగా వెళ్లొచ్చు కానీ, నది వెంట 160వ నంబరు రోడ్డు పట్టుకోండి. టైమ్ ఎక్కువ పట్టినా చూడాల్సిన దారి అదే. రోడ్డు గట్టు మీదే పోతుంది. ఒకవైపు నిండుగా నది, రెండోవైపు పల్లంలో పియర్ తోటలు. "ఒరే, ఇది మన ఏటిగట్టే! కాస్త ఆపు" అన్నారు నాన్న. దిగి చాలాసేపు అటూ ఇటూ చూశారు.

మన లంకల్లాగే ఇక్కడి డెల్టా అంతా నీటి పాయల మధ్య దీవులు. ఒకప్పుడు ఇది రెల్లు పెరిగే చిత్తడి నేల. 1860ల నుంచి గట్లు పోసి సాగులోకి తెచ్చారు. పారలతో, తోపుడు బండ్లతో ఆ మట్టి మోసినవాళ్లలో చాలామంది చైనా కూలీలు. గుర్రాలు బురదలో దిగబడకుండా వాటి కాళ్లకు వెడల్పాటి జోళ్లు తయారుచేసి తొడిగారట. నీరు తీసేశాక ఆ నల్లమట్టి ఏటేటా కుంగిపోయింది. కొన్ని దీవులు ఇప్పుడు సముద్రమట్టం కంటే 15 అడుగులకు పైగా లోతులో ఉన్నాయి.

వాల్‌నట్ గ్రోవ్ దగ్గర వంతెన దాటితే లాక్ పక్కనే. మేయరు లేడు, మునిసిపాలిటీ లేదు, అంతా కౌంటీ (మన జిల్లా లాంటిది) పాలనే. ఉన్న జనం వంద లోపే. ఒక్కటే మెయిన్ స్ట్రీట్, రెండు పక్కలా రంగు వెలసిన చెక్క మేడలు. గట్టు పక్కనున్న మేడలకు పై అంతస్తు గుమ్మం గట్టు రోడ్డు మీదికి, కింది గుమ్మం వీధిలోకి తెరుచుకుంటాయి. ఒక మేడ పక్క మేడ మీదికి ఒరిగి ఉంటే, నాన్న దాని చెక్కమీద అరచెయ్యి ఆనించి చాలాసేపు నిలబడ్డారు. ఆ తర్వాత అడిగారు: "పట్టా ఎవరి పేరున ఉందిరా?"

అసలు కథ అక్కడే ఉంది. 1915లో వాల్‌నట్ గ్రోవ్ చైనా పేట కాలిపోయింది. దక్షిణ చైనాలోని జోంగ్‌షాన్ ప్రాంతం వాళ్లు జార్జ్ లాక్ అనే ఆసామి దగ్గర నోటిమాట మీద నేల కౌలుకు తీసుకుని ఈ ఊరు కట్టుకున్నారు. కొనుక్కుందామంటే 1913 చట్టం వాళ్లను భూమి కొననివ్వదు. ఇల్లు తమది, ఇంటి కింద నేల పరాయిది. 1952లో ఆ చట్టం చెల్లదని కోర్టు కొట్టేసినా, నేల మాత్రం ఇళ్లవాళ్ల చేతికి రాలేదు. ఇళ్లవాళ్లకు స్థలాల హక్కు దక్కింది 2004లో. అప్పటికి కట్టినవాళ్లలో చాలామంది పోయారు, పిల్లలు ఊరు వదిలేశారు. "గట్టు పోసినోడికి సెంటు భూమి లేదా!" అని నాన్న దారంతా అదే మాట.

చూడాల్సినవి దాయ్ లాయ్ జూదశాల మ్యూజియం, పాత చైనీస్ బడి, బోర్డింగ్ హౌస్ మ్యూజియం. మూడింట్లో నాకు నచ్చింది జూదశాలే. చీకటి గదిలో పాత బల్లలు అలాగే ఉన్నాయి. శని, ఆదివారాల్లో వెళ్లడం మేలు. మిగతా రోజుల్లో తెరిచి ఉంటాయో లేదో ముందే కనుక్కోండి.

తిండికి ఆల్స్ ప్లేస్ పేరున్న చోటు, 1934 నాటిది, కానీ అక్కడ స్టీకే ప్రధానం. శాకాహారులైతే ఇంటి నుంచి తెచ్చుకోవడం నయం. మేం పులిహోర, పెరుగన్నం తెచ్చుకున్నాం.

బసకు మాత్రం తొందరపడకండి. మేం కొంచెం దూరంలో ఒక మోటల్‌లో దిగాం. గదంతా ముక్కిపోయిన వాసన, ఏసీ హోరు, నాన్నకు రాత్రంతా నిద్ర లేదు. పొద్దున బయల్దేరి సాయంత్రానికి ఇల్లు చేరడమే మంచిది. మేం రెండోరోజు పొద్దున్నే మళ్లీ లాక్ వెళ్లాం, నాన్న అడిగారని. ఈసారి మ్యూజియంలకు పోలేదు. ఇళ్ల వెనక పెరళ్లలో పందిరికెక్కిన కాకర పాదుల దగ్గర ఆగి, ఆకు నలిపి వాసన చూశారు.