కరమజోవ్ సోదరులు: గార్నెట్ ఇంగ్లిష్‌లోనా, పెవియర్ ఇంగ్లిష్‌లోనా?

దోస్తోయెవ్‌స్కీ రష్యన్ నవల ‘ద బ్రదర్స్ కరమజోవ్’ ఇంగ్లిష్‌లో కొందామని వెళ్తే అదే పేరుతో రెండు పుస్తకాలు కనిపిస్తాయి. ఒకటి సన్న అక్షరాల చవక ప్రతి, ఇంకోటి దానికి మూడు నాలుగు రెట్లు ధర. కొనేముందు చూడాల్సింది అట్ట కాదు, లోపల అనువాదకుల పేరు. చవక ప్రతుల్లో చాలాసార్లు ఆ పేరే వేయరు. వేయకపోతే అది గార్నెట్‌దే అనుకోవచ్చు, ఆవిడ అనువాదానికి కాపీరైట్ గడువు ఎప్పుడో తీరిపోయింది.

కాన్‌స్టెన్స్ గార్నెట్ (1861–1946) కేంబ్రిడ్జ్‌లో చదివింది లాటిన్, గ్రీకు. తర్వాత తూర్పు లండన్‌లో లైబ్రేరియన్‌గా పనిచేశారు. రష్యన్ నేర్చుకోవడం మొదలుపెట్టింది కడుపుతో ఉన్నప్పుడు, సైబీరియా ప్రవాసం నుంచి తప్పించుకొచ్చిన ఫీలిక్స్ వోల్ఖోవ్‌స్కీ ప్రోత్సాహంతో. 1894లో రష్యా వెళ్లి టాల్‌స్టాయ్‌ని కలిశారు. ఆ తర్వాత నలభై ఏళ్లలో దాదాపు 70 సంపుటాలు! తుర్గేనెవ్, టాల్‌స్టాయ్, దోస్తోయెవ్‌స్కీ, చెహోవ్, గోగోల్, ఎవరినీ వదల్లేదు. కరమజోవ్ పూర్తిగా ఇంగ్లిష్‌లోకి వచ్చిందే 1912లో, ఆవిడ చేతి మీదుగా. టాల్‌స్టాయ్ ‘వార్ అండ్ పీస్’ చేస్తున్న రోజుల్లో చూపు బాగా దెబ్బతింటే, పక్కన ఒకరు రష్యన్ చదువుతుంటే విని ఇంగ్లిష్‌లో చెప్పి రాయించారు.

ఆవిడ ఇంగ్లిష్ హాయిగా సాగిపోతుంది. ఇబ్బందీ అక్కడే. దోస్తోయెవ్‌స్కీ రష్యన్‌లో హాయిగా రాసే మనిషి కాడు. తడబడతాడు, అన్నమాటే మళ్లీ అంటాడు, ఒక్కసారిగా అరుస్తాడు. గార్నెట్ వాటన్నిటికీ ఇస్త్రీ చేసేశారు. ఇంగ్లిష్ పాఠకులకు టాల్‌స్టాయ్‌కీ దోస్తోయెవ్‌స్కీకీ తేడా తెలియకపోవడానికి కారణం, వాళ్లు చదివేది ఆ ఇద్దరినీ కాదు, గార్నెట్‌నే అని రష్యన్ కవి జోసెఫ్ బ్రాడ్‌స్కీ ఎత్తిపొడిచాడు. కాస్త కటువే గానీ పూర్తిగా అన్యాయమేం కాదు.

రిచర్డ్ పెవియర్, లరీసా వొలొఖోన్‌స్కీ దంపతులు దీనికి సరిగ్గా ఎదురు దారిలో వెళ్లారు. లెనిన్‌గ్రాద్‌లో పుట్టిన ఆవిడ ముందు మాటకు మాటగా ఇంగ్లిష్ చేసిస్తే, అమెరికన్ కవి అయిన ఆయన దాన్ని చక్కదిద్దుతాడు. వాళ్ల కరమజోవ్ 1990లో వచ్చింది. గార్నెట్ పద్ధతీ ఈ జంట పద్ధతీ ఒక్క మాటలో చూడాలంటే దోస్తోయెవ్‌స్కీదే ‘నోట్స్ ఫ్రమ్ అండర్‌గ్రౌండ్’ మొదటి వాక్యాలు చాలు. తాను ‘జ్లోయ్’ మనిషినని కథకుడు చెప్పుకుంటాడు. గార్నెట్ దాన్ని ‘స్పైట్‌ఫుల్’ అన్నారు, అంటే కక్ష నిండినవాడు. పెవియర్ జంట ‘వికెడ్’ అన్నారు, అంటే దుర్మార్గుడు. మొదటిది ఆ మనిషి మనస్తత్వం చెబుతుంది, రెండోది నీతికి సంబంధించిన తీర్పు. రష్యన్ మాటలో రెండర్థాలూ ఉన్నాయి, అనువాదకులు మాత్రం ఏదో ఒకటి వదులుకోక తప్పదు. ఈ జంటతో చిక్కేమిటంటే, కొన్నిచోట్ల వాక్యం ఇంగ్లిష్‌లా వినిపించదు. రష్యన్‌లోనే అలా ఉందా, వీళ్లే అలా చేశారా అని చదివేవారికి టెన్షన్.

టాల్‌స్టాయ్ దగ్గర మాత్రం ఐల్మర్, లూయీజ్ మాడ్ దంపతుల్ని మర్చిపోకూడదు. లూయీజ్ మాస్కోలోనే పుట్టారు, ఇద్దరికీ టాల్‌స్టాయ్‌తో స్నేహం. ఇంతకన్నా మంచి అనువాదకులు ఉండరని ఆయనే మెచ్చుకున్నాడు. కాకపోతే ‘వార్ అండ్ పీస్’లో ఆంద్రే అనే పాత్రని ఆండ్రూ చేసేశారు, మూలంలో ఫ్రెంచ్‌లోనే ఉన్న సంభాషణల్ని చాలావరకు ఇంగ్లిష్‌లోకి మార్చేశారు. పెవియర్ జంట 2007లో ఫ్రెంచ్‌ని అలాగే ఉంచి కింద అర్థాలిచ్చారు. పద్ధతిగా అదే సరైనది, కానీ మొదటి పేజీ నుంచే చూపు కిందికీ పైకీ తిరుగుతుంటే ఎంతమంది చివరిదాకా వెళ్తారు?

తెలుగులో చదువుకునేవారికి ఈ గొడవ అంతగా లేదు. విశాలాంధ్ర షాపుల్లో చవగ్గా దొరికిన మాస్కో ప్రచురణ సంస్థలు ప్రగతి, రాదుగల పుస్తకాల కోసం ఉప్పల లక్ష్మణరావు లాంటివారు మాస్కోలో కూర్చుని రష్యన్ నుంచే తెలుగు చేశారు.

ఇంగ్లిష్‌లోనే చదవాలంటే నా ఎంపిక ఇది. దోస్తోయెవ్‌స్కీకి పెవియర్ జంట, డబ్బు కాస్త ఎక్కువైనా సరే. ‘వార్ అండ్ పీస్’ మొదటిసారి అయితే మాడ్ దంపతులు. తుర్గేనెవ్‌కీ చెహోవ్‌కీ గార్నెట్. ఆ ఇద్దరి నెమ్మదైన గొంతుకు ఆవిడ ఇంగ్లిష్ బాగా అమరింది. చెహోవ్ కథలు 13 సంపుటాలు, నెట్‌లో ఉచితంగానే ఉన్నాయి.