ప్రాడో మ్యూజియంలో ఒకే ఒక్క బొమ్మ ముందు గంటన్నర

మాడ్రిడ్‌లో ప్రాడో మ్యూజియంకి మా అమ్మని తీసుకుని వెళ్ళాను. మొత్తం చూసేద్దామని కాదు, ఐదొందల ఏళ్ళ కిందటి నెదర్లాండ్స్ చిత్రకారుడు హీరోనిమస్ బాష్ వేసిన ‘గార్డెన్ ఆఫ్ ఎర్త్‌లీ డిలైట్స్’ (భూలోక సుఖాల తోట) కోసం. టికెట్ డబ్బులు పూర్తిగా వసూలయ్యాయి. మనవాళ్ళు చాలామంది మాడ్రిడ్ అంటే ఫుట్‌బాల్ స్టేడియం చూసి, షాపింగ్ చేసి వచ్చేస్తున్నారు, అందుకే పనిగట్టుకుని ఇది రాస్తున్నా.

ఓక్ చెక్క పలకల మీద ఆయిల్ రంగులతో వేసిన బొమ్మ ఇది. పాత బీరువా తలుపుల్లా రెండు రెక్కలు మధ్య పలక మీదకి మూసుకుంటాయి. తెరిచి ఉంటే ఎత్తు రెండు మీటర్ల పైనే, వెడల్పు దాదాపు నాలుగు మీటర్లు, అంటే ఎంత పొడుగు మనిషైనా తలెత్తి చూడాల్సిందే. 1490 నుంచి 1500 మధ్య వేసుంటారని మ్యూజియం వాళ్ళ లెక్క. ఎడమ రెక్క మీద బైబిల్లో ఆదాము, హవ్వ ఉన్న ఏదెను తోట, కుడి రెక్క మీద నరకం, మధ్యలో ఈ లోకంలో ఎక్కడా లేని ఓ లోకం. ఫోన్‌లో చూస్తే అంతా గజిబిజిగా ఉంటుంది కానీ ఎదురుగా నిలబడితే ఒక్కో మనిషీ విడివిడిగా కనిపించడం మొదలవుతుంది. మనిషంత పిట్టలు, మోయలేనంత స్ట్రాబెర్రీ పండ్లు, గాజు బుడగలో కూర్చున్న జంట, చెరువులో ఆడవాళ్ళు, ఆ చెరువు చుట్టూ రకరకాల జంతువులెక్కి గుండ్రంగా తిరుగుతున్న మగవాళ్ళు. ఆ వందలాది మందిలో ఒక్క పసిబిడ్డ కనబడదు, ఒక్క ముసలాయన కనబడడు. ఇది సుఖాన్ని మెచ్చుకునే బొమ్మా, లేక జాగ్రత్త అని హెచ్చరించే బొమ్మా అని పండితులు ఇప్పటికీ వాదించుకుంటూనే ఉన్నారు. నాకైతే పిల్లలూ ముసలివాళ్ళూ లేకపోవడం గమనించిన దగ్గర్నుంచి ఆ రంగుల వెనకాల ఏదో దిగులు కనిపించింది.

నరకం దగ్గర అమ్మ ఆగిపోయింది. “ఒరేయ్, ఇది మన తిరనాళ్ళలో అమ్మే యమలోకం పటంలా ఉందిరా” అంది. నిజమే, ఆ పటాలు చూసి పెరిగినవాళ్ళకి ఈ బొమ్మ చూడటానికి ఎవరి సాయమూ అక్కర్లేదు. కాకపోతే మన పటంలో నూనె కాగులు ఉంటే ఇక్కడ సంగీత వాయిద్యాలు ఉన్నాయి. ఒకడు హార్ప్ తీగల్లో చిక్కుకుని వేలాడుతున్నాడు, ఇంకొకడి పిరుదుల మీద స్వరాలు రాసున్నాయి. తల మీద బాన బోర్లించుకున్న పక్షి ముఖం రాక్షసుడు ఎత్తు కుర్చీలో కూర్చుని మనుషుల్ని మింగుతుంటాడు. మధ్యలో పగిలిన గుడ్డులాంటి ఒళ్ళూ, చెట్టు మొదళ్ళలాంటి కాళ్ళూ ఉన్న ఒక మనిషి. ఆ కాళ్ళు రెండు పడవల్లో ఉంటాయి. అతను వెనక్కి తిరిగి చూస్తుంటాడు, ఆ ముఖం ఎదురుగా నిలబడి చూడండి, కోపం కాదు, భయమూ కాదు, నాకైతే ఇంకా కళ్ళ ముందే ఉంది.

అమ్మే ఇంకోటి కూడా పట్టుకుంది. ఏదెను తోట మధ్యలో గులాబి రంగు ఫౌంటెన్ ఉంది కదా, దాని అడుగున గుండ్రటి కంతలో గుడ్లగూబ కూర్చుని ఉంది. “దేవుడు వేసిన తోటలో ఇదేమిటి?” అని చాలా సేపు అక్కడే నిలబడింది. కొందరు పండితులు కూడా ఆ గుడ్లగూబని చెడుకి గుర్తుగానే చెబుతారు. ముందు భాగంలో ఎలుకని నోట కరుచుకుని పోతున్న పిల్లి కూడా ఉంది, అది మాత్రం నేను చూపించాను. పాపం ఇంకా మొదలవ్వని చోట కూడా చావు ఉందన్నమాట.

వెనక్కి కూడా వెళ్ళి చూడండి, చాలామంది ఇది వదిలేస్తున్నారు. రెక్కల వెనకవైపు రంగుల్లేకుండా బూడిద ఛాయల్లో ఒక గోళం ఉంటుంది, బైబిల్ చెప్పే సృష్టిలో మూడో రోజు భూమి, చెట్లు మొలిచాయి కానీ జంతువులు లేవు, మనిషి లేడు. మూసి ఉన్నప్పుడు చూసేవాళ్ళకి కనపడేది ఇదే. తలుపులు తీయగానే లోపలి రంగులన్నీ ఒక్కసారి మీద పడితే ఎలా ఉండేదో ఊహించుకుంటే నాకు ఒళ్ళు జలదరించింది. స్పెయిన్ రాజు రెండో ఫిలిప్ దీన్ని 1593లో మాడ్రిడ్ దగ్గరున్న తన మఠం, రాజభవనం ఎస్కోరియల్‌కి చేర్చాడు, ప్రాడోలో 1939 నుంచి ఉంది.

టికెట్ నేను వెళ్ళినప్పుడు 15 యూరోలు. మ్యూజియం వాళ్ళ సైట్‌లోనే కొనండి. నేను తొందరపడి ఓ ట్రావెల్ యాప్‌లో కొన్నాను, ఎక్కువ డబ్బులు పడ్డాయి, పైగా పొద్దుటి టైమ్ అడిగితే మధ్యాహ్నం టైమ్ వచ్చింది. ఫోన్ చేస్తే ఎవరూ ఎత్తలేదు, పెద్దావిడతో ఉన్నప్పుడు అదో టెన్షన్. సోమవారం నుంచి శనివారం దాకా సాయంత్రం 6 నుంచి 8, ఆదివారాలూ సెలవు రోజుల్లో 5 నుంచి 7 ఉచితం, కానీ ఈ బొమ్మ కోసం వెళ్ళేవాళ్ళు ఆ టైమ్ పెట్టుకోకండి. క్యూలో పోయిన టైమ్ పోగా మిగిలింది దీనికి చాలదు. కింది అంతస్తులో 56ఏ గది, లోపలికి రాగానే తిన్నగా అక్కడికే వెళ్ళండి. అదే గదిలో బాష్ వేసిన గడ్డిబండి బొమ్మ కూడా ఉంది, అది వేరే రోజుకైనా ఉంచుకోండి కానీ రెండూ హడావిడిగా చూడొద్దు.

లోపల ఫోటోలు తీయనివ్వరు. మొదట బాధనిపించింది, తర్వాత అదే మంచిదైంది, గంటన్నర కళ్ళతోనే చూశాం. మ్యూజియం సైట్‌లో ఎంత కావాలంటే అంత పెద్దది చేసి చూసుకునే ఫోటో ఉంది, ఊరెళ్ళాక అమ్మకి ట్యాబ్‌లో పెట్టిచ్చాను. మధ్య పలకలో ఎడమ చివర ఇంకో గుడ్లగూబ ఉందని, దాన్ని ఒక కుర్రాడు వాటేసుకుని ఉన్నాడని నిన్న రాత్రి ఫోన్ చేసి చెప్పింది.