యుద్ధకాలపు హంగేరీ మహిళా ఎడిటర్ కెరీర్: టైటిల్సా, డేటాబేసా, రిజిస్టరా?

1939–44 మధ్య హంగేరీ సినిమాల్లో పనిచేసిన మహిళా ఎడిటర్ల గురించి రాయబోయేవాళ్లు పదేపదే అడుగుతున్నారు: దేన్ని నమ్మాలి? నా మొగ్గు సినిమా టైటిల్స్ వైపే. కారణం పేరు.

హంగేరీలోనూ మనలాగే ఇంటిపేరు ముందు వస్తుంది. చిక్కంతా పెళ్లితో మొదలవుతుంది. ఉదాహరణకి, కోవాచ్ మారియా అనే ఆమె సాబో యానోష్‌ని చేసుకుంటే, పాత ఆనవాయితీలో ఆమె 'సాబో యానోష్‌నే' అయిపోతుంది (చివరి 'నే' అంటే ఫలానావారి భార్య అని). మారియా ఎక్కడా కనిపించదు. కొందరు 'సాబోనే కోవాచ్ మారియా' అని రాసుకునేవాళ్లు. దీనికి తోడు, జర్మన్ ఇంటిపేర్లు మార్చుకుని హంగేరియన్ పేర్లు పెట్టుకున్న కుటుంబాలు చాలా ఉన్నాయి. ఒక్క మనిషి కెరీర్ ముగ్గురి కెరీర్‌లా కనిపించడానికి ఇది చాలు.

డేటాబేస్‌లో సినిమాల జాబితా నిమిషంలో దొరుకుతుంది. కానీ అది ఆమెను ఇద్దరిగా విడగొడుతుంది, లేదా చివరి పేరునే అన్ని సినిమాలకూ తగిలిస్తుంది. అప్పుడు ఏ ఏడాది ఏ పేరుతో పనిచేసిందో చెరిగిపోతుంది. పాశ్చాత్య డేటాబేస్‌లు పేరును తిరగేసి 'యానోష్‌నే సాబో' అని కూడా ఇస్తాయి. 1931–44 టాకీల మీద హంగేరియన్లే తయారుచేసిన హంగోష్‌ఫిల్మ్ లెక్సికాన్ (సినిమా నిఘంటువు) వీటికన్నా మేలు. అయినా దాన్నీ సూచికగానే వాడండి.

టైటిల్స్ మాత్రం ఆ ఏడాది ఆమె పేరు ఎలా వేశారో అలాగే చూపిస్తాయి. విడుదల క్రమంలో పెట్టి చూస్తే పేరు మారిన చోటు బయటపడుతుంది. వీటికీ ఒక బలహీనత ఉంది. టైటిల్స్ మొదటి రీలు మొదట్లో ఉంటాయి, ప్రింట్‌లో ముందుగా అరిగి తెగేది అక్కడే. 300 మీటర్ల రీలు సుమారు 11 నిమిషాలు నడుస్తుంది; నిమిషం టైటిల్స్ అంటే 27 మీటర్లు. అందులో ఒక్క కార్డు (పేర్లు చూపే ఒక్కో తెర) పోతే ఎడిటర్ పేరే పోవచ్చు. కార్డు పోయిందో లేదో కనిపెట్టే మార్గం ఉంది. 35 ఎం.ఎం. ప్రింట్‌లో బొమ్మకూ దాని శబ్దానికీ 20 ఫ్రేముల దూరం ఉంటుంది. ముక్క తెగి మళ్లీ అతికించిన చోట ముందు బొమ్మ ఎగురుతుంది, దాదాపు 0.8 సెకన్ల తర్వాత సంగీతం టక్కున తెగుతుంది. ఈ రెండూ కనిపిస్తే ఆ ప్రింట్‌లో కార్డు పోయి ఉండొచ్చు. ఇంకో ప్రింట్ వెతకాలి. సంగీతం సాఫీగా సాగుతూ అక్షరాల తీరు మాత్రం తేడాగా ఉంటే, టైటిల్స్ తర్వాత కొత్తగా వేసినవేమో అని అనుమానించండి. వీఎల్‌సీ అనే వీడియో ప్లేయర్‌లో 'ఈ' (E) కీ నొక్కుతూ ఒక్కో ఫ్రేమూ చూడండి. మామూలు వేగంలో ఇది పట్టుబడదు.

రెండు పేర్లూ ఒకరివేనని తేల్చాల్సింది పెళ్లిళ్ల రిజిస్టర్. 1895 అక్టోబర్ నుంచి హంగేరీలో పెళ్లిళ్ల నమోదు ప్రభుత్వానిది. వధువు పుట్టింటి పేరు అందులో ఉంటుంది. అయితే భర్త పేరు, పెళ్లయిన ప్రాంతం ముందే తెలియాలి, లేకపోతే బుడాపెస్ట్ జిల్లాల పుస్తకాల్లో తప్పిపోతారు. అందుకే ఇది రెండో మెట్టు.

'మాగ్యార్ ఫిల్మ్' లాంటి అప్పటి పత్రికలు విడుదల తేదీలకు పనికొస్తాయి. తారల మీద రాసినంత ఎడిటర్ల మీద రాయలేదు. జ్ఞాపకాల పుస్తకాలు చివర్లో చూసినా చాలు.

ఎంత మంచి ప్రింట్ దొరికినా టైటిల్స్ చెప్పలేనిది ఒకటుంది. 1938 చట్టం సినిమా, నాటక రంగాలకు ఛాంబర్ (ఆ రంగంలో పనిచేసేవాళ్ల అధికారిక సంఘం) పెట్టి అందులో యూదుల వాటా 20 శాతానికి కుదించింది, 1939 చట్టం దాన్ని 6 శాతం చేసింది. బయటికి నెట్టేసిన వాళ్లలో కొందరు వేరేవాళ్ల పేరు చాటున పనిచేశారు. కాబట్టి 1939 తర్వాత ఒక పేరు మాయమైతే 'పని మానేసింది' అని రాయకండి. 'పేరు వేయలేదు' అని మాత్రమే రాయండి. నెగెటివ్ కటింగ్ (ఎడిటింగ్ ప్రకారం అసలు నెగెటివ్‌ను కోసి అతికించడం) చేసినవాళ్లు, అసిస్టెంట్లు టైటిల్స్ దాకా రావడమే అరుదు. వాళ్ల కోసం హంగేరీ జాతీయ ఆర్కైవ్స్‌లో ఉన్న హున్నియా స్టూడియో కాగితాలు తిరగేయాల్సిందే.