వేలిముద్రలతో మెదడు పరీక్ష: 5,500 రూపాయల నివేదికలో ఏముంది?

పదో తరగతికి వస్తున్న పిల్లలున్న ఇళ్ళకు ఈ మధ్య తరచుగా ఒక కరపత్రం చేరుతోంది. పిల్లల పది వేళ్ళ ముద్రలు తీసుకుని, మెదడులో ఏ భాగం బలంగా ఉందో, ఇంటర్‌లో ఎం.పీ.సీ. ఇప్పించాలో బై.పీ.సీ. ఇప్పించాలో చెప్పేస్తామన్నది దాని సారాంశం. ఈ సేవ పేరు డెర్మటోగ్లిఫిక్స్ మల్టిపుల్ ఇంటెలిజెన్స్ టెస్ట్, వాడుకలో డీ.ఎం.ఐ.టీ. మా అక్కా బావా తమ కూతురికి హైదరాబాద్‌లోని ఒక కేంద్రంలో 5,500 రూపాయలు చెల్లించి ఈ పరీక్ష చేయించారు. పరీక్ష జరుగుతున్నంతసేపూ నేను పక్కనే ఉన్నాను. తరువాత నివేదికను మొదటి పుట నుంచి చివరి పుట దాకా చదివాను. కేంద్రం పేరు ఇక్కడ రాయడం లేదు. ఇక్కడి ఆక్షేపణ ఆ ఒక్క దుకాణం మీద కాదు, పరీక్ష మీదనే.

మర్యాదకు, ఏర్పాట్లకు వంక పెట్టలేము. చెప్పిన సమయానికే లోపలికి పిలిచారు, గది శుభ్రంగా ఉంది, పిల్లకు బెరుకు లేకుండా మాట్లాడారు. ఆధార్ కేంద్రాలలో ఉండేలాంటి చిన్న గాజు పరికరం మీద ప్రతి వేలినీ ఒకసారి నిటారుగా, ఒకసారి ఎడమకు, ఒకసారి కుడికి ఒరిగించి ముద్ర తీసుకున్నారు. ఆపైన రెండు అరచేతులకూ ఫొటోలు తీశారు. అంతటితో పరీక్ష ముగిసింది. పాపను అడిగినవి పేరు, వయసు, తరగతి మాత్రమే. ఆమెకు ఏ పాఠం ఇష్టమో, లెక్కలలో ఎక్కడ ఆగిపోతుందో, సాయంత్రం వేళ ఏం చేస్తుందో ఎవరూ అడగలేదు. ఒక పిల్ల తెలివితేటలను అంచనా వేస్తామంటున్నవారు ఆ పిల్ల చేత ఒక్క ప్రశ్నకైనా జవాబు చెప్పించకపోవడం నాకు అక్కడే వింతగా తోచింది.

నివేదిక మందమైన కాగితం మీద, రంగుల ముద్రణతో, స్పైరల్ బైండింగ్‌తో వచ్చింది. బొటనవేలు మెదడు ముందు కొసకు, చూపుడువేలు దాని వెనుక భాగానికి, నడిమివేలు పైభాగానికి, ఉంగరపువేలు పక్క భాగానికి, చిటికెనవేలు చూపుకు సంబంధించిన వెనుక భాగానికి ప్రతినిధులని మొదట ఒక పటం చూపించారు. ఆ లెక్కన పాప తర్కబుద్ధి 11.84 శాతమనీ, సంగీత ప్రజ్ఞ 13.27 శాతమనీ దశాంశ స్థానాలతో సహా తేల్చారు. "సార్, పాప రైట్ బ్రెయిన్ డామినెంట్. లెక్కలు బలవంతంగా రుద్దకండి, డిజైనింగ్ వైపు పంపండి," అని కౌన్సిలర్ మా బావతో చెప్పాడు. నాలుగు పుటల తరువాత పిల్లల స్వభావాలను డేగ, నెమలి, పావురం, గుడ్లగూబ అని విభజించే పట్టిక ఉంది; అందులో పాప గుడ్లగూబ అయింది. ఆ మాట చూడగానే అక్క ముఖం మాడిపోయింది. కానీ అసలు చిక్కు పిట్ట పేరులో లేదు. గుడ్లగూబ అంటే తర్కంతో, లెక్కతో, ఆచితూచి నడిచే స్వభావమని ఆ పుటలోనే వివరించారు. అంటే ఒకే నివేదిక ఒక పుటలో లెక్కలు వద్దని, మరొక పుటలో లెక్కల మనిషని చెబుతోంది. కౌన్సిలర్‌ను అడిగితే, "రెండూ కలిసే ఉంటాయి సార్," అన్నాడు.

వేలిముద్రల శాస్త్రం బూటకం కాదు. కలకత్తాలో 1897లో మొదలైన వేలిముద్రల విభాగంలో పనిచేసిన అజీజుల్ హక్ వంటివారి వర్గీకరణ ప్రపంచమంతటా పోలీసులకు ఆధారమైంది. చర్మపు గీతల అధ్యయనానికి డెర్మటోగ్లిఫిక్స్ అనే పేరును హెరాల్డ్ కమిన్స్, చార్లెస్ మిడ్లో 1926లో పెట్టారు. డౌన్ సిండ్రోమ్ ఉన్న శిశువులలో చాలామందికి అరచేతికి అడ్డంగా ఒకే గీత ఉండటాన్ని వైద్యులు గమనిస్తారు, అయితే ఆ గీత ఆరోగ్యవంతులలోనూ కనిపిస్తుంది కనుక దానిని బట్టి మాత్రమే రోగం నిర్ణయించరు. డీ.ఎం.ఐ.టీ. వారు ఈ పేర్లన్నీ ముందు పుటలలో వేసుకుని, అక్కడి నుంచి ఒక్క గంతులో తెలివితేటల మీదకు దూకుతారు. ఆ గంతుకు వారు చూపే ఆధారం ఒక్కటే: పిండదశలో చర్మమూ మెదడూ ఒకే పొర నుంచి, అంటే ఎక్టోడెర్మ్ నుంచి, పుడతాయి. ఆ మాట నిజమే. అదే పొర నుంచి జుట్టు, గోళ్ళు, పంటి మీది ఎనామిల్ కూడా పుడతాయి. పిల్ల గోరు చూసి ఇంజనీరింగ్ సీటు నిర్ణయించడానికి మనం ఒప్పుకోము కదా!

ఇంతకంటే పెద్ద లోపం మరొకటుంది. వేలి గీతలు తల్లి కడుపులో మూడో నెల ప్రాంతంలో మొదలై, ఆరో నెలలోపే స్థిరపడతాయి. ఆ తరువాత గాయం లోతుగా తగిలితే తప్ప అవి జీవితమంతా మారవు. నేర పరిశోధనకు అవి పనికివచ్చేదే ఆ గుణం వల్ల. మెదడు స్వభావం దీనికి భిన్నమైనది. సుమారు 8,600 కోట్ల నాడీకణాల మధ్య కలయికలు పుట్టిన తరువాత ఏళ్ళ తరబడి ఏర్పడుతూ, వాడకం లేనివి రాలిపోతూ ఉంటాయి. పుట్టిన తొలి వారాలలో ఒక కన్ను మూసి ఉంచిన పిల్లికూనలకు, ఆ తరువాత ఆ కన్ను తెరిచినా, మెదడులోని చూపు భాగం దానికి సరిగా స్పందించదని హ్యూబెల్, వీజెల్ అనే శాస్త్రవేత్తలు కనుగొన్నారు. వారికి 1981లో నోబెల్ బహుమతి వచ్చింది. లండన్ వీధులన్నీ కంఠస్థం చేసిన టాక్సీ డ్రైవర్లలో, దారుల జ్ఞాపకానికి తోడ్పడే హిప్పోకాంపస్ వెనుక భాగం ఇతరులకంటే పెద్దదిగా ఉందని ఎలినార్ మగ్వైర్ బృందం 2000లో ప్రచురించింది. ముందుచూపును, నిగ్రహాన్ని నడిపే ముందుభాగమైతే ఇరవై ఏళ్ళు దాటాక కూడా పరిణతి చెందుతూనే ఉంటుంది. పుట్టకముందే ఆగిపోయిన గీతలను చూసి, పద్నాలుగేళ్ళ వయసులో ఇంకా తయారవుతూ ఉన్న అవయవం గురించి దశాంశాలతో తీర్పు చెప్పడం ఎలా సాధ్యమో నివేదికలో ఎక్కడా లేదు.

ఈ లోపం కేంద్రం వారికి తెలియదనుకోలేము, ఎందుకంటే నివేదిక చేతికిచ్చిన వెంటనే వారు 18,000 రూపాయల "బ్రెయిన్ యాక్టివేషన్" శిక్షణ గురించి చెప్పారు. బలహీనంగా ఉన్న భాగాలను అది చురుకు చేస్తుందట. శిక్షణ పూర్తయ్యాక మళ్ళీ ముద్రలు తీస్తే ఈ శాతాలు పెరుగుతాయా అని అడిగాను. "వేలిముద్రలు మారవు కదా సార్," అని కౌన్సిలర్ నవ్వాడు. మెదడు మారుతుందని శిక్షణ అమ్ముతూ, ఆ మార్పును కొలవడానికి మాత్రం ఎన్నటికీ మారనిదాన్ని ఉంచుకున్నారన్నమాట. బావ ఆ శిక్షణకు డబ్బు కట్టలేదు.

కుడి మెదడు, ఎడమ మెదడు అనే విభజన కూడా సగం విన్న శాస్త్రమే. మూర్ఛ తీవ్రంగా ఉన్న కొందరికి రెండు అర్ధగోళాలను కలిపే తంతువుల కట్టను వైద్యులు కోసినప్పుడు, ఒక్కొక్క అర్ధగోళం కొన్ని పనులను విడిగా చేస్తుందని రోజర్ స్పెర్రీ పరిశోధనలు చూపాయి. భాష చాలామందిలో ప్రధానంగా ఎడమవైపు ఉంటుందన్నదీ నిజమే. కానీ మనబోటి వారిలో దాదాపు 20 కోట్ల తంతువుల ఆ కట్ట చెక్కుచెదరకుండా ఉంటుంది. 2013లో యూటా విశ్వవిద్యాలయం వారు వెయ్యికి పైగా మెదడు స్కాన్‌లను పరిశీలించినప్పుడు, మొత్తంగా ఒక పక్కనే ఎక్కువగా వాడే మనుషులెవరూ వారికి కనబడలేదు.

అయినా ఈ కేంద్రాల నుంచి తల్లిదండ్రులు సంతృప్తిగా బయటికి వస్తారు. మా అక్క కూడా మొదటి రోజు "అచ్చం మా పిల్లనే చూసి రాసినట్టుంది" అంది. "నలుగురిలో కలివిడిగా ఉంటుంది కానీ అప్పుడప్పుడు ఏకాంతం కోరుకుంటుంది", "ప్రోత్సాహం దొరికితే రాణిస్తుంది" వంటి వాక్యాలకు లొంగని పిల్ల ఏ ఇంట్లో ఉంటుంది? 1948లో బెర్ట్రమ్ ఫోరర్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త 39 మంది విద్యార్థులకు విడివిడిగా వారి స్వభావ విశ్లేషణ అని చెప్పి అందరికీ ఒకే కాగితం ఇచ్చాడు; అది తమకు సరిపోయిందని వారు 5కు సగటున 4.26 మార్కులు వేశారు. ఈ నివేదికలో పాప పేరును చెరిపి మా అబ్బాయి పేరు రాసి చదివితే నాకూ అతికినట్టే అనిపించింది.

భారతీయ మనోరోగ వైద్యుల సంఘం ఈ పరీక్షకు శాస్త్రీయ ఆధారం లేదని బహిరంగంగానే ప్రకటించింది. చదువులో నిజంగా ఇబ్బంది పడుతున్న పిల్లలకు చేయవలసిన పరీక్షలు వేరే ఉన్నాయి. ఇలాంటి నిపుణులను నమోదు చేసే కేంద్ర ప్రభుత్వ సంస్థ రిహాబిలిటేషన్ కౌన్సిల్‌లో పేరున్న క్లినికల్ సైకాలజిస్టు పిల్లతో ఎదురెదురుగా కూర్చుని, చదివిస్తూ, లెక్కలు చేయిస్తూ, బొమ్మలు పేర్పిస్తూ అంచనా వేస్తారు; మాలిన్ స్కేల్, బినే-కామత్ పరీక్ష వంటివి మన దేశపు పిల్లలకు తగినట్టు మార్చినవే. ఎదుగుదలలో, మేధో వికాసంలో ఆలస్యం ఉందేమోనన్న అనుమానం ఉంటే సికింద్రాబాద్ మనోవికాస్ నగర్‌లోని కేంద్ర ప్రభుత్వ సంస్థ ఎన్.ఐ.ఈ.పీ.ఐ.డీ. ఉంది. ఏ ఇబ్బందీ లేని పిల్లకు గ్రూపు ఎంచుకోవడమే సమస్య అయితే, పాత జవాబుపత్రాలు ముందు వేసుకుని లెక్కల మాస్టారితో ఒక పూట మాట్లాడటం చాలు, దానికి ఫీజు కూడా లేదు. మేము ఆ పనే చేశాము. ఆయన బీజగణితం బాగానే ఉందని, జ్యామితిలో పటం గీయకుండా జవాబు రాయడం వల్ల మార్కులు పోతున్నాయని చెప్పారు.

మర్యాదకు 5కు 4, ముద్రణకు 4, పరీక్షకు సున్నా.