కరెంటు పోయాక ఏం చదవాలి?

నేను సాహిత్యం చదువుకున్నవాణ్ణి కాదు. విశాఖ వైపు ఒక సబ్‌స్టేషన్‌లో షిఫ్టు డ్యూటీ చేస్తాను. ప్రళయం నవల ఏది చేతికొచ్చినా నేను ముందు చూసేది అందులో కరెంటు ఎప్పుడు పోయింది, ఎలా పోయింది, మళ్లీ తేవడానికి ఎవరైనా పూనుకున్నారా అని. మిగతావాళ్లు ప్రేమకథ కోసం చదువుకుంటారు, నేను బ్రేకర్ల కోసం చదువుతాను. ఎవరి పిచ్చి వారిది.

ఈ రకం పుస్తకాలకి అలవాటు పడ్డవాళ్లకి ఒకటి అయిపోగానే తర్వాత ఏది అన్నదే సమస్య. ఒక పేరున్న పుస్తకాల యాప్‌లో తోకచుక్క భూమిని గుద్దే నవల చదివానని పెడితే వరసగా జాంబీల నవలలు చూపించింది. ఒకటి కొన్నాను కూడా. అందులో ఊళ్లు ఊళ్లే చచ్చిపోయాక కూడా వీధి దీపాలు వెలుగుతూనే ఉన్నాయి. బాయిలర్‌లోకి బొగ్గు ఎవరు పంపుతున్నారో రచయిత చెప్పలేదు.

ఇప్పుడు నేను వాడేది ‘ది ఎన్‌సైక్లోపీడియా ఆఫ్ సైన్స్ ఫిక్షన్’ అనే వెబ్‌సైట్. దాని రివ్యూనే ఇది. 1979లో పీటర్ నికల్స్ సంపాదకత్వంలో లావుపాటి పుస్తకంగా వచ్చింది. 1993లో జాన్ క్లూట్, నికల్స్ కలిసి రెండో కూర్పు తెచ్చారు. 2011 నుంచి ఆన్‌లైన్‌లో ఉంది, ఇప్పటికీ పెరుగుతూనే ఉంది. డబ్బు కట్టక్కర్లేదు, ఖాతా తెరవక్కర్లేదు. స్టార్లు ఉండవు, ‘మీకు ఇది కూడా నచ్చవచ్చు’ అన్న బుజ్జగింపులు ఉండవు. చూడ్డానికి పాతకాలం నిఘంటువులా ఉంటుంది. మా అబ్బాయి చూసి “ఇదేం సైట్ నాన్నా, అన్నీ అక్షరాలే” అన్నాడు. నిజమే, అన్నీ అక్షరాలే.

దీని అసలు బలం ఇతివృత్తాల వారీగా రాసిన వ్యాసాల్లో ఉంది. ‘డిజాస్టర్’ అని ఒకటి, ‘ఎండ్ ఆఫ్ ద వరల్డ్’ అని ఇంకొకటి, ‘క్లైమేట్ చేంజ్’ అని మరొకటి. ఒక్కో వ్యాసంలో ఏ రకం విపత్తు ఏ కాలంలో ఎవరు రాశారు, ఎవరి తర్వాత ఎవరు అన్నది వరసగా ఉంటుంది. ప్రతి రచయిత పేరు మీదా లంకె. అది నొక్కితే ఆయన పుస్తకాలన్నీ సంవత్సరాలతో సహా వస్తాయి. డ్యూటీలో రాత్రి రెండింటికి ఫీడర్లన్నీ, అంటే ఊళ్లకి కరెంటు తీసుకెళ్లే లైన్లన్నీ, బుద్ధిగా ఉన్నప్పుడు ఒకటి నొక్కితే, తెల్లారి లాగ్ షీట్ రీడింగులు రాసే వేళకి మెరీ షెల్లీ 1826లో రాసిన ‘ది లాస్ట్ మ్యాన్’ దగ్గర తేలాను. మనుషులంతా మహమ్మారితో పోయి ఒక్కడు మిగిలే కథ రెండు వందల ఏళ్ల కిందటే ఉందని ఏ యాప్ చెబుతుంది?

ఇలా దొరికినవాటిలో నాకు అన్నిటికన్నా నచ్చింది నవల కాదు, ఇ.ఎం. ఫార్‌స్టర్ 1909లో రాసిన ‘ది మెషీన్ స్టాప్స్’ అనే పెద్ద కథ. మనుషులంతా భూమి కింద, ఎవరి గదిలో వాళ్లు. తిండి, గాలి, సంగీతం, మాటామంతీ అన్నీ యంత్రమే చూసుకుంటుంది. ఎవరూ ఎవరినీ ముఖాముఖి కలవరు. మెల్లమెల్లగా యంత్రం మొరాయిస్తుంది. పాటలో మధ్యమధ్య మూలుగు వినిపిస్తుంది, స్నానం నీళ్లు కంపు కొడతాయి. జనం కమిటీకి ఫిర్యాదు పెడతారు, కొన్నాళ్లకి ఆ కంపుకీ మూలుగుకీ అలవాటు పడిపోతారు. చివరికి తెలిసేదేమిటంటే, మరమ్మతులు చేసే యంత్రమే మరమ్మతుకొచ్చిందని. లోవోల్టేజీ మీద ఫోన్ చేసి చేసి విసిగి, ఆఖరికి స్టెబిలైజర్ కొనుక్కుని ఊరుకున్న వినియోగదారుల్ని రోజూ చూసేవాడికి ఈ కథ నూట పదిహేనేళ్ల కిందటిదంటే నమ్మబుద్ధి కాదు. తోకచుక్క లేదు, యుద్ధం లేదు, మెయింటెనెన్స్ లేదు, అంతే. విపత్తు అలాగే వస్తుందని మా డిపార్టుమెంటులో అందరికీ తెలుసు.

తర్వాత జార్జ్ ఆర్. స్టివార్ట్ రాసిన ‘ఎర్త్ అబైడ్స్’, 1949. ఇష్ అనే కుర్రాడు కొండల్లో పాము కరిచి పడి ఉంటాడు. కోలుకుని కిందికి దిగేసరికి జనం జబ్బుతో పోయి ఉంటారు. కానీ లైట్లు వెలుగుతూనే ఉంటాయి! ఇక్కడ స్టివార్ట్‌కి నా సలాం. జలవిద్యుత్ కేంద్రం మనిషి చెయ్యి పడకపోయినా కొన్నాళ్లు తిరుగుతుంది. థర్మల్ కేంద్రమైతే బంకర్లలో బొగ్గు అయ్యేదాకా కూడా ఆగదు, గంటల్లోనే ఏదో ఒక ప్రొటెక్షన్ పరికరం పనిచేసి ట్రిప్పవుతుంది, అంటే దానంతటదే ఆగిపోతుంది. నవలలో లైట్లు ఒక్కసారిగా ఆరిపోవు, కళ తప్పుతూ తప్పుతూ పోతాయి. కుళాయి నీళ్లు ఇంకో రెండు దశాబ్దాలు వస్తాయి, తర్వాత గొట్టాలు తుప్పు పట్టి అవీ ఆగుతాయి. అప్పటికి పుట్టిన పిల్లలకి అవి ఎందుకు ఆగాయో తెలుసుకోవాలన్న ఆసక్తి ఉండదు. ఇష్‌కి ఉన్న బాధ అదీ. నవల రెండో సగం నెమ్మదిగా నడుస్తుంది, ఓపిక ఉంచుకోండి.

అసలు గ్రిడ్ పడిపోతే ఏమవుతుందో మన దేశం 2012 జులై 30, 31 తేదీల్లో చూసింది. రెండో రోజు అరవై కోట్ల మందికి పైగా చీకట్లో ఉన్నారు. దక్షిణాది గ్రిడ్ అప్పటికి మిగతా దేశంతో సింక్రనైజ్ కాలేదు, అంటే ఒకే లయలో నడిచేలా జతపడలేదు, 2013 డిసెంబరు 31న గానీ కలవలేదు. అందుకే మన ఫ్యాన్లు తిరుగుతూనే ఉన్నాయి. ఆరిపోయిన థర్మల్ కేంద్రం మళ్లీ లేవాలంటే దాని పంపులకీ ఫ్యాన్లకీ ముందు బయటినుంచి కరెంటు కావాలి. ఆ మొదటి కరెంటు చాలాసార్లు జలవిద్యుత్ కేంద్రం నుంచే వస్తుంది. ఇది తెలిసి రాసిన నవలా రచయిత నాకింకా తగల్లేదు. తగిలితే చెప్పండి.

‘లూసిఫర్స్ హ్యామర్’ దగ్గర దగ్గరగా వచ్చింది. ల్యారీ నివెన్, జెర్రీ పోర్నెల్ కలిసి 1977లో రాశారు. తోకచుక్క పడుతుంది, సముద్రం లేస్తుంది, వానలు ఆగవు. చివరి పోరాటమంతా ఒక అణువిద్యుత్ కేంద్రాన్ని కాపాడుకోవడం కోసమే. ఈ మాట విన్నాకే కొన్నాను. ఒక శాస్త్రవేత్త తన పుస్తకాలన్నీ ప్లాస్టిక్ సంచుల్లో కట్టి సెప్టిక్ ట్యాంకులో దాచే ఘట్టం ఉంది, ఎవడూ అక్కడ చెయ్యి పెట్టడని. అది చదివి పగలబడి నవ్వాను. అయితే నల్లవాళ్లని, ఆడవాళ్లని చూపించిన తీరు చాలాచోట్ల ఒళ్లు మండిస్తుంది. మొదటి రెండొందల పేజీలు పాత్రల పరిచయానికే సరిపోతాయి. పడాల్సిన తోకచుక్క కోసం పాఠకుడే ఎదురుచూడాల్సి వస్తుంది. ఇది చదువుతున్నప్పుడు మా నాన్నగారు 1979లో అమెరికా అంతరిక్ష కేంద్రం స్కైల్యాబ్ కూలిన సంగతి చెప్పారు. మన మీదే పడుతుందని ఊళ్లో కోళ్లూ మేకలూ కోసుకు తినేశారట, అప్పులవాడు వస్తే “స్కైల్యాబ్ పోయాక చూద్దాం” అన్నారట. చివరికి అది హిందూ మహాసముద్రంలోనూ ఆస్ట్రేలియాలోనూ పడింది, అప్పులు అలాగే ఉన్నాయి.

బ్రిటిష్ రచయితల వరస ఈ ఎన్‌సైక్లోపీడియాలో ఇంకా బాగా కుదిరింది. 1951లో జాన్ విండమ్ ‘ద డే ఆఫ్ ద ట్రిఫిడ్స్’: ఒక రాత్రి ఆకాశంలో పచ్చని వెలుగులు చూసినవాళ్లంతా తెల్లారేసరికి గుడ్డివాళ్లు, నూనె కోసం పెంచిన మొక్కలు నడిచొచ్చి చంపుతుంటాయి. ఈ తరహా నవలల్లో లోకమంతా పోతుంటే హీరో మాత్రం ఖాళీ హోటళ్లలో హాయిగా ఉంటాడని ఇంకో బ్రిటిష్ రచయిత బ్రయాన్ ఆల్డిస్ 1973లో వెక్కిరించాడు. వెక్కిరింత కొంతవరకు న్యాయమే, కానీ నవల మాత్రం వదలకండి.

జాన్ క్రిస్టఫర్ ‘ద డెత్ ఆఫ్ గ్రాస్’ (1956)లో ఆ హాయి మచ్చుకైనా లేదు. చైనాలో వరికి వైరస్ తగులుతుంది. ఇంగ్లండులో కూర్చున్నవాళ్లు పాపం చైనావాళ్లు అనుకుంటారు. తర్వాత అది గోధుమకీ బార్లీకీ, గడ్డి జాతి మొత్తానికీ పాకుతుంది. లండన్ నుంచి ఉత్తరాన అన్నగారి లోయకి చేరాలని బయల్దేరిన మంచి కుటుంబం దారిలో ఏమైపోతుందో చదివి నాకు రెండ్రోజులు అన్నం సహించలేదు. వరి పండించే చోట పుట్టినవాళ్లు ఈ పుస్తకం మొదటి పాతిక పేజీలు చదవడం వేరు, లండన్‌వాళ్లు చదవడం వేరు. అక్కణ్ణుంచి ‘డిజాస్టర్’ వ్యాసం దారిలోనే వార్డ్ మూర్ 1947 నవల ‘గ్రీనర్ దాన్ యూ థింక్’కి వెళ్లాను. అందులో గడ్డి చావదు, పెరిగి పెరిగి ప్రపంచాన్ని కప్పేస్తుంది. ఇది వ్యంగ్యం. దాని తర్వాత ఇది చదవడం వల్లే మళ్లీ భోజనం చెయ్యగలిగాను.

జె.జి. బల్లార్డ్ నవల ‘ద డ్రౌన్డ్ వరల్డ్’ (1962) నాకు పడలేదు. ఎండ వేడికి మంచు కరిగి లండన్ మునిగిపోతుంది. ఒకడొచ్చి నీళ్లు తోడించి వీధులు బయటపెడితే, హీరో గట్టు పేల్చేసి మళ్లీ ముంచుతాడు! రాసిన తీరు గొప్పదని అందరూ అంటారు, ఒప్పుకుంటాను. హుద్‌హుద్ తర్వాత స్తంభాలు లేపినవాణ్ణి, నాకు ఆ హీరోతో సంబంధం కుదర్లేదు. 2014 అక్టోబరు 12న గంటకి 170–180 కిలోమీటర్ల గాలి కొట్టాక విశాఖలో నిలబడ్డ లైను ఎక్కడుందో వెతుక్కోవలసి వచ్చింది. పక్క జిల్లాల నుంచీ పక్క రాష్ట్రాల నుంచీ వచ్చిన సిబ్బంది మాతో పాటు రోడ్ల పక్కనే తిని రోడ్ల పక్కనే పడుకున్నారు. ప్రళయం నవలల్లో ఈ మనుషులే కనపడరు.

జపాన్‌వాడు కాస్త నయం. సక్యో కొమత్సు 1973 నవల ‘జపాన్ సింక్స్’లో దేశం మునిగిపోతుందని ముందే తెలిసిన శాస్త్రజ్ఞులు, అధికారులు కోట్లమందిని ఎక్కడికి పంపాలో లెక్కలు వేస్తుంటారు. ఫైళ్లు, సమావేశాలు, ఓడలు. నాకు భలే నచ్చింది. 1976లో వచ్చిన ఇంగ్లీషు అనువాదం కుదించినది, మనసులో పెట్టుకోండి.

కొత్తవాటిలో కిమ్ స్టాన్లీ రాబిన్సన్ ‘ద మినిస్ట్రీ ఫర్ ద ఫ్యూచర్’ (2020) మొదటి అధ్యాయం ఒక్కటీ చాలు. ఉత్తరప్రదేశ్‌లో వడగాడ్పు, కరెంటు పోతుంది, ఏసీ నడిపే జనరేటరు ఎత్తుకుపోతారు, జనం చెరువులో దిగితే నీళ్లూ వేడే. 2015 మే ఎండలు ఆంధ్రలోనో తెలంగాణలోనో గడిపినవాళ్లు దాన్ని కల్పన అనలేరు. మిగతా పుస్తకం సగం నవల, సగం సెమినారు.

ఇక ఫిర్యాదులు. ఈ ఎన్‌సైక్లోపీడియా కథ చివర ఏమవుతుందో ఏ మొహమాటం లేకుండా చెప్పేస్తుంది. అందుకని ఇతివృత్తం వ్యాసంలో పేరు, సంవత్సరం పట్టుకుని బయటికి వచ్చేయాలి, రచయిత వ్యాసం పుస్తకం చదివాకే. క్లూట్ రాసిన చోట్ల ఇంగ్లీషు కొరుకుడు పడదు, డిక్షనరీ పక్కన పెట్టుకోవాల్సిందే. దాని లోకం ప్రధానంగా ఇంగ్లీషు పుస్తకాలది. ఫోన్ తెరమీద లంకె అనుకుని పక్కదాన్ని నొక్కేస్తుంటాం.

ఒక్క ఉపకారం మాత్రం డబ్బు రూపంలో జరిగింది. ఈ పాత నవలలకి రెండేసి పేర్లు. ‘ద డెత్ ఆఫ్ గ్రాస్’ అమెరికాలో ‘నో బ్లేడ్ ఆఫ్ గ్రాస్’. విండమ్ ‘ద క్రాకెన్ వేక్స్’ అక్కడ ‘అవుట్ ఆఫ్ ద డీప్స్’. రచయితలకీ అంతే, జాన్ క్రిస్టఫర్ అసలు పేరు శామ్ యూడ్. ఇవన్నీ ఒకే చోట ఉండబట్టి ఒకే పుస్తకాన్ని రెండుసార్లు కొనకుండా బయటపడ్డాను.

పుస్తకం ఎక్కడ దొరుకుతుందో వెతుక్కోవడం చాలావరకు మన పాట్లే. హెచ్.జి. వెల్స్, కానన్ డాయిల్, జాక్ లండన్ కాలంనాటివి, కాపీరైటు తీరిన పుస్తకాలు పెట్టే ప్రాజెక్ట్ గుటెన్‌బర్గ్ సైట్‌లో ఉచితం. వెల్స్ 1897 కథ ‘ద స్టార్’తో మొదలుపెట్టండి. గంట కూడా పట్టదు, గంగా మైదానం మునిగే దృశ్యం కూడా అందులో ఉంది. 1950 తర్వాతవాటికి హైదరాబాద్ వెళ్లే పని ఆదివారం పెట్టుకుని అబిడ్స్ ఫుట్‌పాత్ మీద పాత పుస్తకాల్లో వెతుకుతాను. పొద్దున్నే వెళ్లాలి. వానాకాలంలో టార్పాలిన్ కింద కట్టలు కట్టలుగా ఉంటాయి, విప్పమంటే విసుక్కుంటారు. పసుపు అట్టలకి పేరుపడ్డ బ్రిటిష్ ప్రచురణకర్త గొల్లాన్జ్ వాళ్ల పుస్తకం కనిపించిందా, ముందు పక్కనున్న వంటల పుస్తకం ధర అడగండి. దీని ధర ఆ తర్వాత, ఏదో మాటవరసకి అన్నట్టు.